ఎవరి ఇల్లు ఇది? ప్రొడక్షన్ డిజైనర్‌గా నా అనుభవం

సినిమాల్లో నాకు దొరికిన మొదటి పని ఉత్తరాలను పాతబరచడం. కథలో ఒక పాత్రకు ముప్పై ఏళ్లనాటి ఉత్తరాల కట్ట దొరుకుతుంది. ఆ కట్ట తయారుచేసే పనిని కళా విభాగంలో అందరికంటే కొత్తగా చేరిన నాకు అప్పగించారు. కాగితాన్ని టీ డికాక్షన్‌లో ముంచి ఆరబెడితే పాతగా కనిపిస్తుందని ఎక్కడో చదివాను. గిన్నె పొయ్యి మీద పెట్టేలోపే మా సీనియర్ వచ్చి ఆపారు. "ముందు ఆ ఉత్తరాలు చదువు. వీటిని దాచుకున్నది ఎవరు? ఏ ఉత్తరాన్ని ఎక్కువసార్లు తీసి చదివి ఉంటుంది?" అని అడిగారు.

నేను చదివాను. పదేపదే తీసి చూసుకునే ఉత్తరం ముందుగా మడతల దగ్గర చిరుగుతుంది. మడత పడిన చోట సిరా చెదిరిపోతుంది. బొటనవేలు ఆనే మూల నల్లబడుతుంది. ఒక్కసారి చదివి లోపల పెట్టేసిన ఉత్తరానికి అంచులు మాత్రమే పసుపెక్కి, లోపలి కాగితం దాదాపు తెల్లగానే ఉండిపోతుంది. అసలు విప్పని ఉత్తరం ఇంకోలా ఉంటుంది. కాబట్టి ఒకే కట్టలోని ఏ రెండు ఉత్తరాలూ ఒకేలా ముసలివి కావు. చివరికి సినిమాలో ఆ కట్ట కనిపించింది రెండు మూడు క్షణాలే. అయితే దాన్ని విప్పిన నటి అన్నిటికంటే నలిగిన ఉత్తరాన్ని తనంతట తానే ముందుగా తీసింది. ఆమెకు ఎవరూ చెప్పలేదు.

సినిమా మొత్తం ఎలా కనిపించాలో తేల్చే ఈ వృత్తికి బొమ్మలు గీయడం వస్తే చాలని చాలామంది అనుకుంటారు. గీయడం రావాలి, కాదనను. కానీ నా పనిలో ఎక్కువ భాగం చదవడమే. రాసినవాళ్లు "మధ్యతరగతి ఇల్లు, రాత్రి" అని ఒక్క ముక్కలో వదిలేస్తారు. ఆ ఇంట్లో ఉంటున్నది ఎవరు, ఎన్నాళ్లుగా ఉంటున్నారు, ఎవరి మాట చెల్లుతుంది, డబ్బు ఎప్పుడు వచ్చింది లేదా ఎప్పుడు పోయింది అన్నవి తేలితే తప్ప గోడకు రంగు ఎంచుకోలేను.

ఉత్తరాల తరువాత నన్ను గోడల మీదికి పంపారు. పెయింటర్లతో గడిపిన ఆ కాలంలో నేర్చుకున్నది ఏ కళాశాలా నేర్పదు. కొత్త సెట్ ప్లైవుడ్ వాసన వేస్తుంది, అది కళ్లకు కూడా తెలిసిపోతుంది. దాన్ని మనుషులు బతికిన చోటుగా మార్చాలంటే మురికి ఎక్కడ చేరుతుందో తెలియాలి. స్విచ్‌బోర్డు చుట్టూ వేళ్ల మరకలు. కుర్చీ వెనక, తల ఆనే ఎత్తులో నూనె జిడ్డు. పిల్లలున్న ఇల్లయితే మూడడుగుల ఎత్తు వరకు ఒక రకం మురికి, ఆ పైన వేరొక రకం. కిటికీ చట్రం కింద వాన చారలు. ఏళ్ల తరబడి వేలాడిన పటాన్ని తీసేస్తే దాని వెనక గోడ మీద పాత రంగు తాజాగా బయటపడుతుంది. కొత్తవాళ్లు గోడంతటా సమానంగా మురికి కొడతారు. అప్పుడు అది మురికిగా కాక మురికి రంగు వేసిన గోడలా కనిపిస్తుంది.

తెలుపు సంగతి కూడా అక్కడే తెలిసింది. కంటికి తెల్లగా కనిపించాలంటే కెమెరా ముందు అసలు తెలుపు వాడకూడదు. స్వచ్ఛమైన తెల్లగోడ వెలుగును ఎగజిమ్మి నటుల ముఖాలకంటే ముందుగా కంటిని లాగేస్తుంది. అందుకే రంగులో కాస్త బూడిదనో గోధుమనో కలిపి దించుతాం. పడక మీది దుప్పటికీ, చొక్కాకూ, మేజా మీది కాగితానికీ ఇదే నియమం.

నేను భవన నిర్మాణ విద్య చదివి ఈ రంగానికి వచ్చాను. మా వృత్తిలో అలా వచ్చినవారు తక్కువేమీ కారు. చిత్రకళ నుంచీ, నాటకరంగం నుంచీ, వడ్రంగం నుంచీ వచ్చినవారూ ఉన్నారు. భవనాల చదువు వల్ల ప్లానూ, గోడను ఎదురుగా చూపే ఎలివేషనూ గీయడం ముందే వచ్చు. 1:50 స్కేలులో ప్లాను, 1:20లోనో 1:25లోనో గోడలు, తలుపు చెక్కడం వంటి వివరాలకు అసలు సైజు డ్రాయింగు అన్న పద్ధతి చేతిలో ఉండేది. కానీ భవనం అన్ని వైపుల నుంచీ నిలబడాలి, సెట్ కెమెరా చూసే వైపు నుంచి నిలబడితే చాలు. ఈ తేడా మాటల్లో సులువుగానే అనిపిస్తుంది. చేతికి పట్టుబడటానికి చాలా కాలం పట్టింది.

దానికి ఒక లెక్క ఉంది. నేను ఇప్పటికీ రోజూ వాడతాను కాబట్టి ఇక్కడ చెబుతాను. సినిమా కెమెరాల్లో ఎక్కువగా కనిపించే సూపర్ 35 సెన్సార్, అంటే లోపల బొమ్మ పడే పలక, వెడల్పు సుమారు 25 మిల్లీమీటర్లు. దానికి 25 మిల్లీమీటర్ల లెన్సు పెడితే, గోడ ఎన్ని అడుగుల దూరంలో ఉంటే సుమారు అన్ని అడుగుల వెడల్పు ఫ్రేములో పడుతుంది. 20 అడుగుల దూరంలో 20 అడుగులు. అదే చోట 50 లెన్సు పెడితే 10 అడుగులే. తెర వెడల్పు, ఎత్తుల నిష్పత్తి 2.39:1 అయితే, 20 అడుగుల వెడల్పుకు దక్కే ఎత్తు 8 అడుగుల 4 అంగుళాలు. కెమెరాను ఐదడుగుల ఎత్తులో, పైకీ కిందికీ వంచకుండా పెడితే, తొమ్మిదింబావు అడుగుల పైన ఉన్నదేదీ ప్రేక్షకుడికి కనిపించదు. అంటే ఆ షాట్ కోసం పద్దెనిమిది అడుగుల గోడ కట్టించినవాడు సగం డబ్బును చీకట్లో పోసినట్టే. అందుకే డ్రాయింగ్ బోర్డు దగ్గర కూర్చునేముందు ఛాయాగ్రాహకుణ్ని ఏ లెన్సులు వాడబోతున్నారని అడుగుతాను. "ఇంకా అనుకోలేదు" అనే జవాబు వస్తే, అనుకునేదాకా వదలను.

కెమెరా కింది నుంచి పైకి చూసిందంటే లెక్క మొత్తం మారిపోతుంది, పైకప్పు కావాలి. పైకప్పు వేస్తే దీపాలు ఎక్కడ పెట్టాలి, మైకు ఎక్కడి నుంచి దించాలి? 1941 నాటి 'సిటిజన్ కేన్'లో ఈ చిక్కును వస్త్రంతో విప్పారు. పైకప్పుగా కనిపించేది బిగించి కట్టిన గుడ్డ. దాని పైన మైకులు దాచారు, శబ్దం గుడ్డలోంచి దిగింది. మేము ఇప్పటికీ ఆ ఉపాయాన్ని రకరకాలుగా వాడుకుంటున్నాం. మరో ఉపాయం కదిలే గోడ. బోల్టులు విప్పితే గోడ పక్కకు జరిగి, కెమెరా వెనక్కి వెళ్లడానికి చోటిస్తుంది. ఏ గోడ కదలాలో డ్రాయింగు దశలోనే తేల్చాలి. షూటింగ్ మధ్యలో "ఈ గోడ తీసేయండి" అన్నప్పుడు దాని మీద మెట్లు ఆనుకుని ఉంటే పెద్ద మేస్త్రీ చూసే చూపును భరించడం కష్టం.

దూరాన్ని మాయ చేయడం కూడా ఈ లెక్కలోంచి పుట్టిందే. 1957లో 'మాయాబజార్' కోసం గోఖలే, కళాధర్‌ల కళా విభాగం ద్వారకా నగరాన్ని సుమారు 50 అడుగులకు 60 అడుగుల చోటులో, విడివిడిగా దీపాలు పెట్టిన 300 చిన్న ఇళ్లతో నిలబెట్టింది. ఆ కొలతలు ఒక సాధారణ స్టూడియో ఫ్లోరులో ఇమిడిపోతాయి. పరికరాలు మారాయి కానీ కంటిని ఒప్పించే సూత్రం మారలేదు.

కొన్నేళ్లకు ఆర్ట్ డైరెక్టర్‌గా పని చేయడం మొదలుపెట్టాను. పదవుల పేర్లు ఒక్కో పరిశ్రమలో ఒక్కో అర్థంలో నడుస్తాయి. పెద్ద చిత్రాల్లో స్థూలంగా ఇలా ఉంటుంది: సినిమా మొత్తం ఎలా కనిపించాలో తేల్చేది ప్రొడక్షన్ డిజైనర్, దాన్ని డ్రాయింగులుగా, లెక్కలుగా మార్చి కట్టించేది ఆర్ట్ డైరెక్టర్, గదిని సామాన్లతో నింపేది సెట్ డెకరేటర్, నటుల చేతికి వచ్చే వస్తువులకు ప్రాపర్టీ విభాగం. ప్రొడక్షన్ డిజైనర్ అన్న హోదాను 1939లో 'గాన్ విత్ ద విండ్' కోసం విలియం కామెరాన్ మెంజీస్‌కు నిర్మాత సెల్జ్‌నిక్ ఇచ్చారు. ఆస్కార్ విభాగం పేరు మాత్రం 2012 దాకా ఆర్ట్ డైరెక్షన్‌గానే ఉంది. ఆ బహుమతిని సెట్ డెకరేటర్‌కూ కలిపి ఇస్తారన్నది నాకు నచ్చే సంగతి.

ఆర్ట్ డైరెక్టర్‌గా ఉన్న ఏళ్లలో నేను పెన్సిలు కంటే కాలిక్యులేటర్ ఎక్కువ పట్టుకున్నాను. స్క్రిప్టు చేతికి రాగానే దాన్ని విప్పి పరచాలి. ఒక్కో పేజీని ఎనిమిది భాగాలుగా లెక్కగట్టి, ఏ సన్నివేశం ఎంత నిడివో, ఎక్కడో, పగలో రాత్రో, ఏది పగులుతుందో, ఏది తడుస్తుందో, ఏది కాలుతుందో రాసుకుంటాం. "కోపంతో అద్దం పగలగొడతాడు" అన్నది రచయితకు ఒక వాక్యం. నాకది ఎన్ని టేకులు తీస్తారన్న ప్రశ్న. ఒకప్పుడు పంచదార పాకంతో, ఇప్పుడు రెసిన్‌తో పోసే ఆ నకిలీ గాజు టేకుకు ఒకటి చొప్పున కావాలి, చట్రాలు అన్నీ ఒకేలా ఉండాలి. ఇక కథలో పదేళ్లు గడిచాయంటే అదే గది పదేళ్లు ముసలిది కావాలి. షూటింగ్ కథ వరసలో సాగదు కాబట్టి, సోమవారం ముసలిదైన గది మంగళవారానికి మళ్లీ పడుచుది కావాలి. ఆ రెండు రోజుల నడుమ రాత్రి మాది.

భద్రత గురించి ఒక మాట. సెట్ చుట్టూ, స్టూడియో గోడకూ సెట్ గోడకూ నడుమ నాలుగడుగుల దారి ఖాళీగా ఉంచాలన్న నియమం చాలా స్టూడియోల్లో ఉంది. నిప్పు అంటుకుంటే మనుషులు పరుగెత్తేది అందులోనే. సెట్ అంటేనే చెక్క, గుడ్డ, రంగు, వేడెక్కిన దీపాలు. ఆ దారిలో సామాను పెట్టినవాళ్లతో నేను ఇప్పటికీ గొడవ పడతాను. గొడవలమారి అన్న పేరు వచ్చింది, ఉండనీ.

నాకు స్వతంత్రంగా వచ్చిన మొదటి సినిమాలో దివాలా తీసిన ఒక కుటుంబం కథ. స్క్రిప్టులో "మూడంతస్తుల పాత మేడ" అని ఉంది. నిర్మాత దగ్గర ఉన్న డబ్బు ఒక అంతస్తుకు సరిపోతుంది. మేడ ముందు భాగాన్ని కంప్యూటర్‌లో చేద్దామని ఒకరు, ఎక్కడైనా దొరికిన మేడను అద్దెకు తీసుకుందామని మరొకరు చెబుతున్నారు. నేను స్క్రిప్టు మళ్లీ చదివాను. ఇంట్లో మిగిలింది ముగ్గురు. పనివాళ్లు లేరు. ముగ్గురు మనుషులు, చేతిలో డబ్బు లేకుండా, మూడంతస్తుల మేడను ఎలా నెట్టుకొస్తారు? గదులు మూసేస్తారు. ఊడ్చలేని గదికి తాళం వేస్తారు. క్రమంగా రెండు గదుల్లోకి కుదించుకుపోతారు.

అంతే, అక్కడి నుంచి సెట్ దానంతటదే వచ్చింది. పొడవాటి నడవా, ఇరువైపులా తాళాలు వేసిన తలుపులు, పైకి వెళ్లే మెట్లు. ఆ మెట్లకు ఎనిమిదో మెట్టు దగ్గర అడ్డంగా ఒక బీరువా పెట్టించాను, పైన ఏమీ లేదన్న సంగతి ఆ బీరువా వెనక దాగింది. నివసించే గదులు రెండే, కానీ వాటిలో మూడంతస్తుల సామాను ఇరుక్కుని ఉంది. భోజనాల గదిలో మంచం, మంచం పక్కన పియానో, పియానో మీద ఆరేసిన బట్టలు. దర్శకుడు డ్రాయింగులు చూసి చాలాసేపు ఏమీ అనలేదు. వారం తరువాత కొత్త స్క్రిప్టు పంపారు. అందులో తల్లి నడుముకు తాళాల గుత్తి వచ్చింది. ఒక సన్నివేశంలో ఆమె కొడుకు అడిగిన గది తాళం ఏదో గుర్తుపట్టలేకపోతుంది. నేను గీసిన తలుపులకు ఆయన మాటలు దొరికించుకున్నారు. ఈ వృత్తిలో నాకు దక్కిన మెప్పుల్లో అదే పెద్దది, అది ఏ సమీక్షలోనూ రాలేదు.

ఛాయాగ్రాహకులతో సంబంధం వేరే రకం. కిటికీ నేను పెడతాను, దానిలోంచి వచ్చే వెలుగు వాళ్లది. కాబట్టి ఎక్కడ పెట్టాలో ఇద్దరం కలిసి తేల్చుకోకపోతే ఇద్దరికీ నష్టమే. ఈ జోడీకి నేను చూపించే ఉదాహరణ 1956 నాటి 'అపరాజితో'. కాశీలోని ఇంటి లోగిలిని కళాదర్శకుడు బన్సీ చంద్రగుప్త స్టూడియోలో కట్టారు. అలాంటి ఇళ్లలో ఎండ నేరుగా పడదు, పై నుంచి నీడల్లేని మెత్తని వెలుగు దిగుతుంది. ఛాయాగ్రాహకుడు సుబ్రతా మిత్రా సెట్ పైన తెల్లని గుడ్డ పరచి, దీపాలను కింది నుంచి దాని మీదికి తిప్పి, తిరిగివచ్చిన వెలుగుతో చిత్రీకరించారు. లోగిలి నిష్పత్తులు సరిగా లేకపోతే ఆ వెలుగు అబద్ధమయ్యేది, వెలుగు సరిగా లేకపోతే లోగిలి అట్టముక్కలా తేలిపోయేది. ఎవరి పని ఎక్కడ ముగిసిందో గీత గీయలేం.

కెమెరాకు కనిపించని వాటికి డబ్బెందుకని నిర్మాతలు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే, గోడ ఎత్తు విషయంలో నేనూ వాళ్ల పక్షమే. నటులు తాకే వస్తువుల విషయంలో మాత్రం కాదు. మేజా సొరుగులు తెరుచుకోవాలి, లోపల ఆ పాత్రకు సంబంధించినవే ఉండాలి. 1964 నాటి 'డాక్టర్ స్ట్రేంజ్‌లవ్' నలుపు తెలుపు చిత్రం. అయినా కెన్ ఆడమ్ రూపొందించిన వార్ రూమ్ (యుద్ధ నిర్ణయాలు తీసుకునే గది) బల్లకు ఆకుపచ్చ గుడ్డ కప్పించాలని దర్శకుడు కుబ్రిక్ పట్టుబట్టారు. ప్రపంచం భవిష్యత్తు మీద పేకాట ఆడుతున్నామని నటులకు అనిపించాలట. తెర మీద ఆ పచ్చదనం ఎవరికీ కనిపించదు. దీన్ని పిచ్చి అనేవాళ్లున్నారు. నేను కుబ్రిక్ వైపు.

సాంకేతికత గురించి అందరూ అడుగుతారు కాబట్టి క్లుప్తంగా చెబుతాను. 2019లో వచ్చిన 'ద మాండలోరియన్' ధారావాహిక తరువాత నేపథ్యాన్ని చూపించే పెద్ద ఎల్ఈడీ తెరల ముందు చిత్రీకరించడం బాగా వ్యాపించింది. గ్రీన్ మ్యాట్ అనే ఖాళీ పచ్చ తెర ముందు తీస్తే నేపథ్యం గురించిన నిర్ణయాలను షూటింగ్ అయ్యాక తీసుకోవచ్చు. ఎల్ఈడీ తెరకైతే షూటింగ్ రోజుకే నేపథ్యం పూర్తి కావాలి. నిర్ణయాలు మళ్లీ ముందుకు, అంటే మా చేతికి వచ్చాయి. నాకిది సంతోషమే. అక్కడ అసలు పరీక్ష నేల దగ్గర. మేము పోసిన నిజమైన ఇసుక ఎక్కడ ఆగిందో, తెరలోని ఇసుక ఎక్కడ మొదలైందో కనిపించకూడదు. ఆ అతుకును దాచడానికి ఒక రాయో, పడిపోయిన స్తంభమో అడ్డం పెడతాం. కోట్ల రూపాయల తెరను కాపాడేది చివరికి థర్మాకోల్ రాయి. ఇక కృత్రిమ మేధతో తయారైన బొమ్మలు పట్టుకుని వచ్చే దర్శకులు పెరిగారు. చూడటానికి బాగుంటాయి. కానీ వాటికి ప్లాను గీయబోతే మెట్లు గోడలోకి వెళ్లి ఆగిపోతాయి, తలుపు తెరిస్తే స్తంభం తగులుతుంది. ఆ బొమ్మలో ఎవరుంటున్నారని అడిగితే జవాబుండదు.

బతుకుదెరువు సంగతి దాచను. ఒక సినిమాకూ మరో సినిమాకూ మధ్య ఖాళీ ఎంత ఉంటుందో ఎవరూ చెప్పలేరు. దర్శకుడి తరువాత అందరికంటే ముందుగా పనిలోకి దిగేది మేమే, అందరూ వెళ్లాక సెట్ విప్పించి చోటు శుభ్రం చేసి అప్పగించేదీ మేమే. కొందరు నిర్మాతలు మాత్రం షూటింగ్ రోజులకే లెక్కకడతారు. సన్నాహానికీ, విప్పడానికీ విడిగా పారితోషికం అని ఒప్పందంలో రాయించుకోవాలి. పేరు ఎలా పడాలో, సినిమా ఆగిపోతే డ్రాయింగులు ఎవరివో కూడా. అడగడానికి మొహమాటపడిన ప్రతిసారీ అవతలివాళ్లకు మొహమాటం లేదని తేలింది.

చేరాలనుకునేవారు నాకు పంపే పనుల సంపుటాల్లో మెరిసే తుది బొమ్మలే ఉంటాయి. నేను వెతికేది కొట్టివేతలను. మొదట ఏమనుకున్నారు, ఎందుకు మార్చారు, డబ్బు తగ్గినప్పుడు ఏది వదిలేశారు అన్నది చూపించేవాళ్లు అరుదు. ముఖాముఖిలో ఒక సన్నివేశం ఇచ్చి, ఆ గదిలో ఉండేది ఎవరో నాలుగు వస్తువులతో చెప్పమంటాను. ఈమధ్య ఒకరు మూడే చెప్పి, నాలుగో వస్తువు అమ్మేసి ఉంటారు కాబట్టి అది ఉన్న చోట నేల మీద గుర్తు మాత్రం వేస్తానన్నారు. నాటకాల్లో పనిచేసి వచ్చిన మనిషి, స్కేలు డ్రాయింగు ఇంకా రాదు. చేర్చుకున్నాను. డ్రాయింగు మా ఆర్ట్ డైరెక్టర్ నేర్పుతున్నారు.